కంప్యూటర్లో పొత్తుల బావి
(బి.ఎస్సీ. తృతీయ సంవత్సరం విద్యార్థి)

ఉమ్మడి గొర్రె పుచ్చి చచ్చిందని సామెత. నలుగురి సొత్తు అయిన దాన్ని నలుగురూ వాడుకుంటారే గాని, దాని బాగోగులు చూసేవాడు ఒక్కడూ ఉండడని దీని భావం. ఈ సామెత పుట్టిన నాటికి కంప్యూటరు పుట్టలేదు. అయినప్పటికీ, మన కంప్యూటర్లలో కనబడకుండా పనిచేసే కొన్ని ఫైళ్లను గురించి చదివినప్పుడల్లా నాకు ఈ సామెతే గుర్తుకు వస్తుంది.

సైన్సు విద్యార్థిని వ్యాసం రాయమంటే కృత్రిమ మేధ గురించో, చంద్రయాన్ గురించో రాస్తాడని అందరూ ఎదురుచూస్తారు. అంత గొప్ప విషయాల జోలికి నేను పోవడం లేదు. మనం పొద్దున లేచింది మొదలు వాడుకుంటూ, ఒక్కనాడైనా పేరెత్తని ఫైళ్లు కొన్ని ఉన్నాయి. తెర మీద అక్షరం కనబడాలన్నా, గీత గీయాలన్నా, బొమ్మ తెరుచుకోవాలన్నా అవి ఉండాలి. వాటిని షేర్డ్ లైబ్రరీలు అంటారు. మా ఊరి మాటలో చెప్పాలంటే అవి పొత్తుల బావులు.

పట్నంలో పెరిగిన మిత్రుల కోసం ముందుగా పొత్తుల బావి అంటే ఏమిటో చెప్పాలి. మాది వరంగల్లు వైపు ఒక చిన్న ఊరు. మా తాతలు నలుగురు అన్నదమ్ములు. భూములు పక్కపక్కనే. ఎవరికి వారు బావి తవ్వుకునే స్తోమత లేక నలుగురూ కలిసి ఒకే బావి తవ్వించారు. ఒక రోజు ఒకరి వంతు, మరునాడు ఇంకొకరి వంతు. మొదట మోట, తర్వాత ఆయిలు ఇంజను, ఆ తర్వాత కరెంటు మోటరు వచ్చాయి గాని వంతులు మాత్రం మారలేదు. ఎండాకాలంలో నీళ్లు అడుగంటగానే నాలుగిళ్ల వాళ్లూ దిగి పూడిక తీసేవారు. ఆ పనికి మనిషిని పంపని ఇంటికి ఆ ఏడు వంతు లేదని కట్టుబాటు. నీళ్లు ఉమ్మడి, చాకిరి కూడా ఉమ్మడి. బావి నిలిచింది రెండో దాని మీదనే.

ఇప్పుడు కంప్యూటరు దగ్గరికి వద్దాం. ఉత్తరాలు రాసే ప్రోగ్రాము, బొమ్మలు గీసే ప్రోగ్రాము, ఇంటర్నెట్ చూపే బ్రౌజరు, వీటిలో ప్రతి ఒక్కటీ తెర మీద అక్షరాలు రాయాలి, రంగులు నింపాలి. ఈ పనికి కావలసిన కోడును ప్రతి ప్రోగ్రాములోనూ విడివిడిగా రాసుకుంటూ పోతే ఎంత వృథా ప్రయాస! అందుకని ఆ కోడును ఒక్కసారి రాసి ఒక ఫైలులో పెట్టారు. ఏ ప్రోగ్రాముకు అవసరమైతే అది, తాను నడిచే వేళకు ఆ ఫైలును పిలుచుకుంటుంది. విండోస్‌లో ఇటువంటి ఫైళ్ల పేర్ల చివర డీఎల్ఎల్ అనీ, లినక్స్‌లో ఎస్ఓ అనీ, మాక్‌లో డైలిబ్ అనీ ఉంటుంది. పది ప్రోగ్రాములు ఒకేసారి నడుస్తున్నా డిస్కు మీద ఆ ఫైలు ఒక్కటే. మెమరీలో కూడా దాని కోడు ఒక్క ప్రతిగానే ఉండి పదింటికీ పనిచేస్తుంది. ఒకే బావి, పది మళ్లు.

లినక్స్ కంప్యూటరునే తీసుకుంటే, తెర మీద బొమ్మ కట్టడానికి ఇలాంటి ఫైళ్లు ఒక వరుసలో నిలబడి పనిచేస్తాయి. ఫాంటులోని అక్షరాల ఒంపుసొంపులను చదివి చుక్కలుగా మార్చేది ఫ్రీటైప్. దీనిని 1996లో డేవిడ్ టర్నర్ మొదలుపెట్టగా, వెర్నర్ లెంబెర్గ్ ఏళ్ల తరబడి కనిపెట్టుకుని ఉన్నాడు. ఏ అక్షరం పక్కన ఏ అక్షరం వస్తే ఏ రూపం వేయాలో తేల్చేది హార్ఫ్‌బజ్. వాక్యాన్ని వరుసలుగా విరిచి పేరాగా అమర్చేది ప్యాంగో. గీతలు గీసి రంగులు పూసేది కైరో. మూడు కొలతల బొమ్మలను గ్రాఫిక్స్ కార్డుకు అందించేది మెసా. దీనికి 1993లో బ్రయన్ పాల్ అంకురార్పణ చేశాడు. దుక్కి దున్నేవాడు, నాటు వేసేవాడు, కలుపు తీసేవాడు, కోత కోసేవాడు వేరువేరైనా గింజ ఒక్కటే ఇంటికి వచ్చినట్లు, ఇన్ని చేతులు దాటితే గాని మన తెర మీద ఒక మాట కనబడదు.

ఇంగ్లీషుకైతే ఈ శ్రమ కొంత తక్కువ. ఏ, బీ, సీలు పక్కపక్కన పేర్చుకుంటూ పోతే చాలావరకు మాట తయారవుతుంది. మన తెలుగు సంగతి అది కాదు. 'లక్ష్మి' అన్న మాట చూడండి. కంటికి రెండే అక్షరాలు. కాని కంప్యూటరు దాచుకునేవి ఏడు సంకేతాలు: ల, క, పొల్లు, ష, పొల్లు, మ, గుడి. 'ష' కిందికి దిగి 'క' కు వత్తు కావాలి. 'మ' కూడా వత్తుగా మారాలి. అన్నిటికన్నా చివర టైపు చేసిన గుడి వెనక్కు నడిచి వచ్చి మొట్టమొదటి 'క' నెత్తిన ఎక్కాలి. పలికే వరుస ఒకటి, రాసే రూపం మరొకటి! అఆలు దిద్దిన నాడే మనం నేర్చిన ఈ విద్యను కంప్యూటరుకు ఎవరో కూర్చుని నేర్పవలసి వచ్చింది. ఆ నేర్పిన విద్య ఉన్నది ఈ ఉమ్మడి ఫైలులోనే. విండోస్ వాడిన రోజుల్లో మనకు ఆ పని చేసిపెట్టిన ఫైలు పేరు యూఎస్‌పీ10.డీఎల్ఎల్. గౌతమి అన్న తెలుగు ఫాంటు 2001లో విండోస్ ఎక్స్‌పీతో కలిసి వచ్చింది. ఫాంటు పేరు కొందరికైనా గుర్తుంది. ఆ అక్షరాలను కూర్చిన ఫైలు పేరు ఎవరికి గుర్తుంది?

ఈ ఫైళ్ల సంగతి నాకు పుస్తకంలో తెలియలేదు. నిరుడు మన యూనియన్ పక్షాన జరిగిన గ్రామసేవా శిబిరంలో పాల్గొన్న వారికి ప్రశంసాపత్రాలు ఇవ్వాలనుకున్నప్పుడు తెలిసింది. పత్రాలు తెలుగులోనే ఉండాలని తీర్మానం. పేర్లు రెండు వందల పైచిలుకు. ఒక్కొక్కటీ చేత్తో రాయడం ఎందుకని, నేనూ నా గదిమిత్రుడూ కలిసి పైథాన్ భాషలో ఒక చిన్న ప్రోగ్రాము సిద్ధం చేశాం. పిల్లో అనే సాధనంతో పత్రం బొమ్మ మీద పేరు అచ్చవుతుంది. వాడి ల్యాప్‌టాపు మీద అన్నీ ముత్యాల్లా వచ్చాయి. ప్రింటరు ఉన్నది ల్యాబులో గనుక ఆ ప్రోగ్రామునూ, ఆ ఫాంటునూ అక్కడి కంప్యూటరులో వేసి నడిపాం. లక్ష్మి కాస్తా 'లక్‌ష్‌మి' అయింది. కృష్ణ 'కృష్‌ణ' అయింది. వత్తు ఉన్న ప్రతి పేరూ విరిగి, పొల్లులు మొక్కజొన్న పీచులా నెత్తిన నిలబడ్డాయి.

అదే ప్రోగ్రాము, అదే ఫాంటు, అవే పేర్లు. ఒక కంప్యూటరులో సరిగ్గా రావడమేమిటి, ఇంకొకదానిలో విరగడమేమిటి? విచిత్రమేమంటే కంప్యూటరు ఒక్క ఫిర్యాదు కూడా చేయలేదు. తప్పు అని ఎర్ర గీత గీయలేదు. ఏమీ ఎరగనట్లు విరిగిన పేర్లనే వరుసగా అచ్చు వేసుకుంటూ పోయింది. తనకు ఏయే లైబ్రరీలు దొరికాయో చెప్పమని పిల్లోను అడగడానికి ఒక ఆజ్ఞ ఉంది. రెండు కంప్యూటర్లలోనూ ఆ ఆజ్ఞ ఇచ్చి రెండు జాబితాలూ పక్కపక్కన పెట్టి చదివాం. ల్యాబు కంప్యూటరులో ఫ్రీటైప్ ఉంది. రక్మ్ అనే దాని ఎదుట మాత్రం లేదు అని ఉంది. రక్మ్ లేకపోతే పిల్లో అక్షరాలను పక్కపక్కన పేర్చి ఊరుకుంటుంది. వత్తులూ గుణింతాలూ దానికి పట్టవు. ఇంకా తవ్వితే తేలిందేమంటే, రక్మ్ కోడు నిజానికి పిల్లోతో పాటే వచ్చి ఉంది. అయితే అది నడవాలంటే ఫ్రీబైడీ అనే మరొక ఉమ్మడి ఫైలు కంప్యూటరులో ఉండాలి. లేనిది అది.

ఫ్రీబైడీ పని ఏమిటో తెలుసా? అరబ్బీ, హీబ్రూ వంటి కుడి నుంచి ఎడమకు రాసే భాషలను సరిగ్గా నడిపించడం! మన తెలుగుకు దానితో నేరుగా ఏ అవసరమూ లేదు. కాని ఆ తలుపు తెరుచుకుంటే గాని రక్మ్ రాదు. రక్మ్ రాకపోతే హార్ఫ్‌బజ్‌కు పని చెప్పేవాడు లేడు. హార్ఫ్‌బజ్ లేకపోతే 'క్ష్మి' లేదు. ఎక్కడో ఉన్న తూము మూసుకుపోతే, దానితో సంబంధం లేదనుకున్న మన చెలక ఎండిపోయినట్లుంది. లెక్చరరు గారి అనుమతి తీసుకుని ఆ ఫైలును తెచ్చి వేశాం. ఫోనుతో తీసిన ఒక్క ఫొటోలో పదో వంతు కూడా లేదు దాని బరువు. మళ్లీ నడపగానే పేర్లన్నీ బొట్టు పెట్టినట్లు కుదురుకున్నాయి.

నా గదిమిత్రుడు హైదరాబాదు పాతబస్తీ వాడు, ఇంట్లో ఉర్దూ మాట్లాడతాడు. ఆ పేర్లు చూసి వాడు నవ్వాడు. "అరే భాయ్, హర్ఫ్ అంటే అక్షరం. రఖమ్ అంటే మీ ఊళ్లో సేటు దగ్గర తెచ్చే పైసలు!" అన్నాడు. నిజమే. హార్ఫ్‌బజ్ అన్నది పారశీక మాట, విప్పారిన అక్షరం అని చెప్పుకోవచ్చు. రక్మ్ అరబ్బీ మాట. రాత అనీ, అంకె అనీ అర్థం. రైతు నోట రఖమ్ అయి వినబడేది కూడా ఆ మాటే. ప్యాంగో అన్న పేరులో సగం గ్రీకు, సగం జపనీసు: అన్ని భాషలూ అని భావం. పారశీకం, అరబ్బీ, గ్రీకు, జపనీసు కలిసి మన ఊరి లక్ష్మమ్మల పేర్లు మోస్తున్నాయన్న మాట!

ఇది నవ్వుకుని వదిలేసే విషయమైతే ఈ వ్యాసం రాసేవాణ్ణి కాదు. మా అమ్మ పేరులో కూడా ఆ 'క్ష్మి' ఉంది. మూడేళ్ల కిందట పంట రుణం కోసం ఒక కార్యాలయంలో కంప్యూటరు కాగితం తీసుకుంటే, దాని మీద అమ్మ పేరు ముక్కలు ముక్కలుగా వచ్చింది. ల్యాబులో నేను చూసిన విరుపు, ఆ కాగితం మీది విరుపు అచ్చంగా ఒక్కటే. రుణం ఇచ్చే చోట ఆ కాగితాన్ని పాసుపుస్తకం పక్కన పెట్టి చూసి, "పేరు కలుస్తలేదమ్మా, సరిచేయించుకొని రాండ్రి" అన్నారట. కాగితం ఇచ్చిన చోటికి పోతే, "మా కంప్యూటర్ల సక్కగనే ఉన్నది, ప్రింటుల గట్లనే వస్తది" అన్నారట. మూడు సార్లు తిరిగింది అమ్మ. మూడు రోజుల కూలి పోయింది. చివరికి ఒక పెద్దమనిషి పేరును చేత్తో రాసి ముద్ర కొట్టి ఇచ్చే నాటికి తొలకరి దాటింది. విత్తనాలు, ఎరువులు రెండు రూపాయల వడ్డీకి తెచ్చి వేశాం. ఎక్కడో ఒక ఫైలు లేకపోతే ఏమవుతుందని ఎవరైనా అడిగితే నా దగ్గర ఉన్న జవాబు ఇది. ఎవరికీ కోపం లేదు, ఎవరికీ పగ లేదు. తెర మీద విరిగిన అక్షరానికి రైతు ఇంట్లో వడ్డీ పడింది.

ఉమ్మడి వస్తువుకు ఇంకొక గుణం ఉంది. మంచీ చెడూ రెండూ అందరికీ ఒకేసారి పంచుతుంది. 2018 ఫిబ్రవరిలో ప్రపంచంలోని పత్రికలన్నీ ఒక తెలుగు అక్షరాన్ని గురించి రాశాయి. అది 'జ్ఞా'. జ్ఞానంలోని మొదటి అక్షరం! ఆ కూర్పు మధ్యలో కంటికి కనబడని ఒక విడదీత సంకేతం చేరితే, ఐఓఎస్ 11.2.5 ఉన్న ఐఫోనులో అది చూపబోయిన యాప్ అల్లా కుప్పకూలింది. సందేశాల యాప్ అయినా, వాట్సాప్ అయినా అంతే. ఇన్ని యాప్‌లు ఒక్కసారి కూలడానికి కారణం, అక్షరాలను అమర్చడానికి అవన్నీ కోర్‌టెక్స్ట్ అనే ఒకే ఉమ్మడి లైబ్రరీని పిలుచుకోవడమే. తెలుగు చదవడం రాని వాళ్లు కూడా మన 'జ్ఞా' ను చూసి భయపడ్డారు, కొందరు ఆకతాయిలు దాన్ని స్నేహితులకు పంపి ఆట పట్టించారు. ఫిబ్రవరి 19న ఐఓఎస్ 11.2.6 విడుదలై ఆ లోపం తొలగింది. అన్ని యాప్‌లు చెడింది ఒక్క చోట లోపం వల్ల. అన్నీ బాగుపడింది కూడా ఆ ఒక్క చోట దిద్దడం వల్లనే. ఏ యాప్ తయారీదారూ తన కోడులో ఒక్క వరుస మార్చుకోనక్కర లేకపోయింది.

ఇదంతా సెలవుల్లో మా బాపుకు చెప్పాను. బావి పోలిక చెప్పేసరికి ఆయనకు సులువుగానే అర్థమైంది. అయితే నేను పొత్తుల బావిని ఎక్కువగా పొగుడుతున్నానని ఆయనకు తోచింది. "పొత్తుల బాయి అంటే ఊకెనే నడువదు బిడ్డా. వంతు కాడ లొల్లి, మోటరు కాలితె పైసల కాడ లొల్లి. ఒగడు పైపు మారిస్తె ఇంకోనికి నీళ్లెక్కవు" అన్నాడు.

బాపుకు తెలియకుండానే ఆయన చెప్పింది కంప్యూటరు చరిత్రలో ఒక అధ్యాయం. 1990ల నాటి విండోస్‌లో ఒక కొత్త ప్రోగ్రాము ఎక్కించితే, అది తనకు కావలసిన పాత డీఎల్ఎల్‌ను తెచ్చి ఉమ్మడి దాని మీద పెట్టేది. దానితో అంతవరకు బాగా నడుస్తున్న మరో ప్రోగ్రాము ఆగిపోయేది. ఈ గొడవకు డీఎల్ఎల్ నరకం అనే పేరే స్థిరపడింది. అందుకే లినక్స్‌లో ఇటువంటి ఫైళ్ల పేర్లకు తోకలా ఒక అంకె ఉంటుంది. లిబ్‌ఫ్రీటైప్.ఎస్ఓ.6, లిబ్‌కైరో.ఎస్ఓ.2 అన్నట్లుగా. పాత ప్రోగ్రాములకు పొసగని మార్పు చేస్తేనే ఆ అంకె పెరగాలని నియమం. నీళ్ల వంతులకు కట్టుబాటు లాంటిదే ఇదీ.

కట్టుబాట్లతో విసిగిన వాళ్లు ఇంకొక దారి పట్టారు. ఎవరి లైబ్రరీలు వాళ్లే మూట కట్టుకుని వెంట తెచ్చుకోవడం. ఎలక్ట్రాన్ అనే పద్ధతిలో తయారైన డెస్క్‌టాప్ ప్రోగ్రాములు ఒక్కొక్కటీ క్రోమియం బ్రౌజరు మొత్తాన్ని తన కడుపులో పెట్టుకుని వస్తుంది. అందులోనే దాని ఫ్రీటైప్, దాని హార్ఫ్‌బజ్. ఇక ఒకరితో ఒకరికి పేచీ లేదు. నిజం చెప్పాలంటే ఇది మా ఊళ్లో జరిగిందే. నేను పుట్టకముందే మా తాతల భూముల్లో ఎవరికి వారు బోర్లు వేసుకున్నారు. లొల్లి తీరింది. అయితే పూడిక తీయడానికి బావిలోకి దిగేవాడు లేకపోయాడు. ఇప్పుడు ఆ బావిలో సర్కారు తుమ్మ మొలిచి ఉంది. బోర్లలో రెండు ఎండిపోయాయి. "బోరేస్కున్నంక లొల్లి పోయింది. నీళ్లు గూడ పోయినయ్" అన్నాడు బాపు.

ఎవరి మూట వారిదైతే కంప్యూటరులో ఏమవుతుందో 2023 సెప్టెంబరులో లోకానికి తెలిసింది. వెబ్‌పీ రకం బొమ్మలను విప్పి చూపే లిబ్‌వెబ్‌పీ అనే లైబ్రరీలో ఒక ప్రమాదకరమైన లోపం బయటపడింది. దొంగ బొమ్మ ఒకటి పంపి ఎదుటివారి కంప్యూటరులో చొరబడడానికి వీలు కల్పించే లోపం అది. బ్రౌజర్లు కొద్ది రోజుల్లోనే దిద్దుకున్నాయి. ఉమ్మడి ఫైలును వాడుకునే ప్రోగ్రాములకు ఆ ఒక్క ఫైలు మారిస్తే సరిపోయింది. కాని తమ మూటలో సొంత ప్రతి మోసుకుతిరిగే ప్రోగ్రాములన్నీ వేటికవి దిద్దుకోవలసి వచ్చింది. అందులో ఏ ప్రోగ్రాము మూటలో ఏముందో వాడే మనకు ఎలా తెలుస్తుంది? సొంత బోరు సుఖమే. దానిలో నీరు చెడితే చెప్పే ఇరుగుపొరుగు ఉండరు, అంతే తేడా.

అయితే అసలు ప్రశ్న మిగిలే ఉంది. ఈ బావుల పూడిక ఎవరు తీస్తున్నారు? చాలావరకు చాలా కొద్దిమంది. హార్ఫ్‌బజ్‌నే చూడండి. మొదట్లో ప్యాంగోలో ఒక ప్రతి, క్యూటీలో ఒక ప్రతి, ఒకే మూలం నుంచి చీలి వేరువేరుగా ఉండేవి. ఒక చోట దిద్దిన తప్పు రెండో చోట అలాగే మిగిలేది. వాటిని కలిపి ఒక ఉమ్మడి లైబ్రరీ చేశారు. ఆ తర్వాత ఇరాన్‌లో పుట్టి కెనడాలో చదువుకున్న బెహ్‌దాద్ ఎస్ఫహ్‌బోద్ దానిని దాదాపు కొత్తగా రాశాడు. ఫ్రీబైడీ పోషణలోనూ ఆయనది పెద్ద చెయ్యి. ఇవాళ ఫైర్‌ఫాక్స్, క్రోమ్, లిబ్రేఆఫీస్, ఆండ్రాయిడ్ ఫోన్లు తెలుగును అమర్చేది హార్ఫ్‌బజ్ సహాయంతోనే. తెలుగు మాతృభాష కాని మనిషి మన వత్తులు, గుణింతాలు సరిగ్గా వచ్చాయో లేదో ఎలా తెలుసుకున్నాడు? ఇక్కడే నాకు చాలా సంతోషం కలిగించిన సంగతి ఉంది. వికీపీడియాలోని భారతీయ భాషల పాఠాలను తెచ్చి, ఒక్కొక్క మాటనూ హార్ఫ్‌బజ్ చేతా, విండోస్ లైబ్రరీ చేతా రాయించి, రెండూ ఒక్కలాగే వచ్చాయా అని సరిపోల్చారు. తెలుగు మాటలే 9 లక్షల 70 వేలకు పైగా. ఒక దశకు వచ్చేసరికి వాటిలో తేడా పడినవి ఇరవై లోపే.

ఆ తొమ్మిది లక్షల డెబ్బై వేల మాటలు ఎవరివి? 2003లో తెలుగు వికీపీడియా మొదలైన నాటి నుంచి రాత్రిళ్లు కూర్చుని తమ ఊరి గురించో, ఒక వాగు గురించో, ఒక కవి గురించో వ్యాసాలు రాసిన వాళ్లవి. వాళ్లలో ఎక్కువ మందికి హార్ఫ్‌బజ్ పేరు కూడా తెలిసి ఉండదు. తాము రాసిన మాటలు ప్రపంచమంతటా తెలుగు అక్షరాన్ని నిలబెట్టడానికి కొలబద్ద అవుతాయని వాళ్లు అనుకుని ఉండరు. అయినా వాళ్లు బావిలోకి దిగి తట్టెడు మట్టి ఎత్తినట్లే. అలాగే పోతన, వేమన పేర్లతో ఫాంట్లు చేసి ఉచితంగా ఇచ్చిన తిరుమల కృష్ణ దేశికాచార్యుల వంటి వారూ ఉన్నారు. అంటే పూడిక తీసే చేతులు మనలోనూ లేకపోలేదు. చాలినన్ని లేవు.

కాబట్టి మిత్రులారా, మన వంతు సంగతి ఆలోచించవలసి ఉంది. అందరం ప్రోగ్రాములు రాయనక్కర లేదు. తెర మీద తెలుగు ఎక్కడ విరిగినా, మన కర్మ అని ఊరుకోకుండా దాన్ని బొమ్మ తీసి, ఏ ప్రోగ్రాములో ఏ మాట విరిగిందో రాసి, ఆ లైబ్రరీ నడిపేవారికి పంపవచ్చు. ఇవన్నీ బహిరంగంగా నడిచే పనులే. పది వాక్యాల ఇంగ్లీషు వస్తే చాలు. ఫిజిక్సు, గణితం చదివేవారు ఒంపుగీతల గణితం వైపు నుంచి ఫ్రీటైప్, కైరో కోడు చదవవచ్చు. తెలుగు సాహిత్యం చదివే మిత్రులు అరుదైన సంయుక్తాక్షరాల పట్టిక తయారుచేస్తే అది పరీక్షకు పనికివస్తుంది. 'క్ష్మి' సరిగ్గా వస్తే 'ర్త్స్న్య' సరిగ్గా వచ్చినట్లు కాదు గదా! మన ఊళ్లలో కంప్యూటరు ముందు కూర్చునే ఉద్యోగాలకు మనలోనే ఎందరో వెళతారు. తెర మీద సరిగ్గా ఉన్న పేరు కాగితం మీద విరిగితే, ఎదుట నిలబడ్డ అమ్మను వెనక్కి పంపకుండా, ఏ ఫైలు లేదో వెతికే బుద్ధి వాళ్లకు ఉంటే చాలు. ఆ వెతుకులాటకు మాకు పట్టింది ఒక మధ్యాహ్నం మాత్రమే.

2015లో మిషన్ కాకతీయ కింద చెరువుల పూడిక తీసినప్పుడు నాకు పదేళ్లు. ఆ మట్టిని రైతులు ట్రాక్టర్లతో తోలుకుపోయి తమ చెలకల్లో చల్లుకున్నారు. చెరువుకు అడ్డమైన మట్టి పొలానికి బలమైంది. ఈ ఉమ్మడి లైబ్రరీల పనీ అటువంటిదే. ఒక లోపం వెంట పడి నాలుగు ఫైళ్లు దాటి వెళితే, తరగతిలో రెండు సెమిస్టర్లకు రాని పాఠం చేతికి వస్తుంది. తీసిన మట్టి తీసినవాడికే దక్కుతుంది, నీళ్లు మాత్రం అందరికీ పారుతాయి. ఉమ్మడి గొర్రె పుచ్చి చస్తుందన్న సామెత అబద్ధమని నేను అనను. కాని మా పొత్తుల బావి ముప్పై ఏళ్లకు పైగా నాలుగిళ్లను పోషించిందన్నదీ నిజమే. ఏటా ఎండాకాలంలో ఇంటికి ఒకరు చొప్పున అందులోకి దిగినన్నాళ్లు అది ఎండలేదు.